యూసీఎల్‌ఏనా, కెంటకీనా?

అమెరికా కాలేజీ బాస్కెట్‌బాల్‌లో యూసీఎల్‌ఏ (లాస్ ఏంజెలెస్‌లోని కాలిఫోర్నియా యూనివర్సిటీ), కెంటకీ యూనివర్సిటీల్లో ఏ జట్టు గొప్పది? ఎన్‌సీఏఏ (అమెరికా కాలేజీ క్రీడల సంఘం) పురుషుల టోర్నీ టైటిళ్లు మాత్రమే లెక్కేస్తే వాదనే లేదు: యూసీఎల్‌ఏ 11, కెంటకీ 8.

అయితే యూసీఎల్‌ఏ టైటిళ్లలో 10 ఒకే కోచ్ జాన్ వుడెన్‌వి, అదీ 1964-75 మధ్య 12 ఏళ్లలో. 1967 నుంచి 1973 దాకా వరుసగా ఏడు! అప్పటి టోర్నీ చిన్నది. 1974 వరకు ఒక్కో కాన్ఫరెన్స్ (కాలేజీ జట్ల లీగ్) నుంచి ఒకే జట్టుకు చోటు, యూసీఎల్‌ఏకి నాలుగు గెలుపులతో కప్పు. 1985లో 64 జట్లయ్యాక ఆరు గెలవాలి. యూసీఎల్‌ఏ అలా గెలిచింది ఒక్కసారే, 1995లో జిమ్ హారిక్ కోచింగ్‌లో.

కెంటకీ కథ వేరు. అడాల్ఫ్ రప్ నాలుగు తెచ్చాడు (1948, 49, 51, 58). మొదటి రెండింటికి మూడేసి గెలుపులే చాలాయి. ఆ సంగతి కెంటకీ అభిమానులు ఎత్తరు. తర్వాత జో బి. హాల్ (1978), రిక్ పిటినో (1996), టబ్బీ స్మిత్ (1998), జాన్ కాలిపారి (2012) తలా ఒకటి. చివరి మూడూ ఆరు గెలుపుల బాపతు.

ముఖాముఖి ఫైనల్ 1975లో: యూసీఎల్‌ఏ 92-85. వుడెన్‌కి అదే ఆఖరి మ్యాచ్.

శిఖరం ఎత్తు చూస్తే యూసీఎల్‌ఏ. కోచ్ మారినా నిలిచే వ్యవస్థే గొప్పదనుకుంటే మా ఓటు కెంటకీకే.