విజయనగరంలో ముస్తాబైన పాత హాలు: బొమ్మ బాగుంది, విలన్ మాటే వినబడలేదు

విజయనగరంలో ఈమధ్య మరమ్మతులు చేసి మళ్లీ తెరిచిన ఒక పాత సినిమా హాలుకు, శ్రీకాకుళం నుంచి వచ్చిన పదేళ్ల మేనల్లుణ్ని వెంటబెట్టుకొని మొన్న ఆదివారం మ్యాట్నీకి వెళ్లాను. కుర్చీలు హాయిగా ఉన్నాయి, మరుగుదొడ్లు శుభ్రంగా ఉన్నాయి, బొమ్మ తెర అంచుల దాకా స్పష్టంగా కనబడింది. సమోసా మాత్రం చల్లారిపోయింది.

నా ఫిర్యాదు ధ్వని గురించి. 5.1 అనే, చుట్టూ స్పీకర్లుండే ధ్వని పద్ధతిలో మాటలు ప్రధానంగా తెర వెనక నడిమి స్పీకరు నుంచి, గుండెను అదిరించే మంద్రధ్వని సబ్‌వూఫర్ల నుంచి వస్తాయి. ఇక్కడ ఆ సబ్‌వూఫర్లను ఎంత పెంచారంటే, విలన్ తెర మీదికి వచ్చిన ప్రతిసారీ కుర్చీ చేతులు వణికాయే తప్ప అతడేమన్నాడో సగం అర్థం కాలేదు. విశ్రాంతిలో మేనల్లుడు, “మామయ్యా, ఆడు వచ్చీముందే సౌండొస్తాది గదా, చెడ్డోడని అప్పుడే తెలిసిపోతాది” అన్నాడు. చెవులు మూసుకున్న చేతులు అప్పుడే దించి, సంబరంగా అన్న ఆ మాట నన్ను ఇంటిదాకా వెంటాడింది, ఎందుకంటే చెడ్డవాడు చప్పుడుతోనే వస్తాడని వాడు నమ్మేశాడు.

తప్పంతా హాలుది కాదు, ఈ సినిమాయే అతణ్ని మొహం మీద గాటుతో, హోరుతో పరిచయం చేసింది. 1951 నాటి ‘పాతాళ భైరవి’లో నేపాళ మాంత్రికుడికీ గడ్డమూ వేషమూ ఉన్నాయి గానీ, ఎస్వీ రంగారావు మాటను సాగదీసి పలికే తీరులోనే అసలు భయం ఉంది. 1975లో వచ్చిన ‘ముత్యాల ముగ్గు’లో రావు గోపాలరావు కాంట్రాక్టరు కళల గురించి తీరిగ్గా ముచ్చటిస్తూనే ఒక కాపురం కూల్చే పనికి పూనుకుంటాడు. 1892లో ఈ ఊళ్లోనే తొలిసారి ఆడిన ‘కన్యాశుల్కం’లో గిరీశం (అతణ్ని విలన్ అనడానికి నాకు మనసొప్పదు) నవ్విస్తూనే మోసం చేస్తాడు. వీళ్ల చెడ్డతనమంతా మాటలోనే ఉంది కాబట్టి, మాటను మింగేసే హాలులో వీళ్లు ముగ్గురూ మంచివాళ్లుగానే మిగిలిపోతారు.

బయటికి వస్తూ మేనేజరుగారితో ఈ సంగతి చెబితే, కుర్రాళ్లు ఊపు కావాలంటున్నారని ఓపికగానే బదులిచ్చారు. కనీసం మ్యాట్నీకైనా సబ్‌వూఫర్లను తగ్గించమని అడిగాను, చూస్తామన్నారు. పిల్లలతో వెళ్లేవారు తెరకు దూరంగా, బాల్కనీలో టికెట్లు తీసుకోండి.