నయాగరా: ఈ ఒడ్డు మేలా, ఆ ఒడ్డు మేలా?

అమెరికాలో ఉన్న పిల్లల దగ్గరికి అమ్మానాన్నలు వేసవికి వచ్చారంటే, జెట్‌లాగ్ తీరకముందే మొదలయ్యే చర్చ ఒకటుంది. నయాగరాను ఎటు నుంచి చూడాలి? "కెనడా వైపు నుంచి చూడకపోతే చూసినట్టే కాదు" అని పదిమందిలో తొమ్మిది మంది తేల్చేస్తారు. ఆ మాట చెవిన పడ్డాక, కెనడా వీసా లేని పెద్దవాళ్లు జలపాతం పక్కనే నిలబడి కూడా ఎదుటి ఒడ్డునే దిగులుగా చూస్తారు. మా ఇంట్లోనూ అదే జరిగింది. మొదటిసారి అమ్మానాన్నలతో అమెరికా వైపు వెళ్లాను, మూడేళ్ల తరువాత మా ఆయనతో కెనడా వైపు వెళ్లాను. రెండూ అయ్యాక, ఆ తొమ్మిది మంది మాటలో సగమే నిజమని తేలింది.

ముందు అక్కడి అమరిక చూద్దాం. ఈరీ సరస్సు నుంచి ఒంటారియో సరస్సుకు పోయే నది అది. సరిహద్దు గీత నది మధ్యలోనే ఉంటుంది. నయాగరా అంటే ఒకే జలపాతం కాదు, మూడు. అమెరికన్ జలపాతం, దాని పక్కన సన్నగా దూకే బ్రైడల్ వెయిల్, ఈ రెండూ పూర్తిగా అమెరికావే. గుర్రపు లాడంలా వంగిన హార్స్‌షూ మూడోది, అన్నిటికన్నా పెద్దది. నీటిలో దాదాపు తొంభై శాతం దాని మీదుగానే పడుతుంది, అందులో ఎక్కువ భాగం కెనడాది. అమెరికా ఒడ్డున మనం నిలబడేది నీళ్లు దూకే అంచు పక్కన. కెనడా ఒడ్డున నిలబడేది వాటికి ఎదురుగా. పెళ్లితో పోల్చుకుంటే, అమెరికా వైపు అంటే పీటల పక్కనే నిలబడటం. తలంబ్రాలు మన మీద కూడా పడతాయి, కానీ వధూవరుల ముఖాలు సరిగా కనబడవు. కెనడా వైపు అంటే మొదటి వరుసలో కుర్చీ.

మా నాన్న నీటిపారుదల శాఖలో పనిచేసి రిటైరయ్యారు. ధవళేశ్వరం బ్యారేజీ దగ్గర నీటిమట్టాలు రాసుకున్న మనిషి. జలపాతం కనబడగానే ఆయన అడిగిన మొదటి ప్రశ్న, "ఎన్ని క్యూసెక్కులు?" ఫోనులో వెతికి లక్ష అని చెప్పాను. "అంతేనా?" అన్నారు. 1986 ఆగస్టులో గోదావరి 35 లక్షల క్యూసెక్కులతో పోటెత్తినప్పుడు రాత్రంతా గట్టు మీద కాపలా ఉన్న ఆయనకు, లక్ష అంటే లెక్కలోకి రాదు. ఎత్తు సంగతి సరేసరి. మన తలకోన 270 అడుగులు, ఇది 200 కూడా లేదు. కానీ రెండు నిమిషాల తరువాత ఆయనే, "సరిగ్గా లక్ష ఎలా అవుతుంది? ఎవరో కొలిచి వదులుతూ ఉండాలి" అన్నారు.

నిజమే. 1950లో రెండు దేశాలూ రాసుకున్న ఒప్పందం ప్రకారం, ఏప్రిల్ 1 నుంచి సెప్టెంబరు 15 దాకా ఉదయం ఎనిమిది నుంచి రాత్రి పది వరకు జలపాతం మీద కనీసం లక్ష క్యూసెక్కులు పారాలి. ఆ తరువాత అక్టోబరు నెలాఖరు దాకా రాత్రి ఎనిమిదితోనే ఆ గడువు ముగుస్తుంది. మిగతా వేళల్లోనూ చలికాలం మొత్తంలోనూ యాభై వేలు చాలు. మిగిలిన నీళ్లను రెండు వైపులా సొరంగాల ద్వారా విద్యుత్ కేంద్రాలకు మళ్లిస్తారు. ఇందుకోసం జలపాతానికి కాస్త ఎగువన 18 గేట్ల కట్టడం ఉంది. ఈ సంగతి చదివి వినిపిస్తే నాన్న ముఖం వెలిగింది. "సాగర్‌కు 26, శ్రీశైలానికి 12, దీనికి 18. ఫరవాలేదు" అన్నారు. శ్రీశైలంలో గేట్లెత్తారంటే కార్లు కట్టుకుని పోయే జాతి మనది. తెలియకుండానే ఇక్కడా అదే పని చేస్తున్నాం. ఏ ఒడ్డు ఎంచుకున్నా, వేసవిలో పగటిపూట చేరుకోవడం మాత్రం అందుకే ముఖ్యం.

అమెరికా ఒడ్డు దగ్గరికి వస్తే, అదంతా పార్కు. 1885లో ఏర్పడింది, ఆ దేశంలో అన్నిటికన్నా పాత స్టేట్ పార్కు అదేనంటారు. లోపలికి టికెట్ లేదు, కారు నిలపడానికే డబ్బులు. రెండు జలపాతాల మధ్య గోట్ ఐలాండ్ అనే లంక ఉంది. చెట్ల నీడ, బల్లలు, గడ్డి, మనం తెచ్చుకున్న పులిహోర విప్పుకునే వీలు. సీగల్ పక్షులు మాత్రం మన పళ్లెం మీదే కన్నేసి ఉంటాయి. లంక చివర టెర్రాపిన్ పాయింట్‌లో కంచె పట్టుకుని నిలబడితే హార్స్‌షూ అంచు చేతికందేంత దగ్గరగా ఉంటుంది. నీళ్లు పడటం కన్నా, పడే ముందు ఒక్క క్షణం ఆకుపచ్చ గాజుపలకలా వంగడం చూడాలంటే అక్కడే నిలబడాలి. ఎదుటి ఒడ్డున ఎంత తిరిగినా నాకు అంత దగ్గరగా ఆ వంపు కనబడలేదు.

కానీ అమెరికా ఒడ్డుకు నేను మార్కులు వేసేది కేవ్ ఆఫ్ ది విండ్స్‌కు. పేరులో గుహ ఉంది గానీ ఇప్పుడు గుహ లేదు, రాళ్లు కూలి 1950ల్లోనే పోయింది. లిఫ్టులో కిందికి దించుతారు. అక్కడి నుంచి ఎర్రటి చెక్క మెట్ల వంతెనలు బ్రైడల్ వెయిల్ కిందికి తీసుకుపోతాయి. మంచుకు దెబ్బతింటాయని ఆ చెక్కలను ఏటా చలికాలానికి ముందు విప్పేసి, వసంతంలో మళ్లీ కడతారట. ఏటా పందిరి వేసినట్టు! పసుపుపచ్చ రెయిన్‌కోటుతో పాటు చెప్పులు కూడా వాళ్లే ఇచ్చారు. అమ్మ చీర కుచ్చిళ్లను మోకాళ్ల దాకా దోపుకుని కోటు తొడుక్కుంది. ఆ చెప్పుల పట్టీ మెట్టెల మీద నొక్కుతోందని రెండుసార్లు ఆగి సర్దుకుంది. చివరి మెట్టు పేరు హరికేన్ డెక్, జలపాతానికి ఇరవై అడుగుల దూరం. అక్కడ కళ్లు తెరవలేం, పక్కవారి మాట వినబడదు. కోటు ఉన్నా లేనట్టే. అమ్మ నా చెయ్యి వదిలేసి, రెండు చేతులూ జోడించి, ఆ నీళ్లలో తల వంచింది. పుష్కర స్నానం అన్నమాట! పైకి వచ్చాక కొప్పు పిండుకుంటూ, "ఇంక ఆ ఒడ్డు ఎందుకే?" అంది.

ఇక ఆ ఒడ్డు. తొమ్మిది మంది చెప్పిన సగం నిజం ఇక్కడుంది. రహదారి పక్కన కాలిబాట మీద నడుస్తూ పోతే చాలు, మూడు జలపాతాలూ ఒకే చూపులో పడతాయి. క్యాలెండర్లలో చూసే నయాగరా ఇదే. మెట్లు ఎక్కనక్కర్లేదు, టికెట్ కొననక్కర్లేదు. టేబుల్ రాక్ దగ్గర హార్స్‌షూ అంచు ఇక్కడా పక్కనే ఉంటుంది, కానీ తుంపరలో సగంసేపు ఏమీ కనబడదు. కొద్దిగా వెనక్కి జరిగితేనే ఆ వంపు మొత్తం, సుమారు 670 మీటర్లు, కంటికి ఆనుతుంది. ఇది పడమటి ఒడ్డు కాబట్టి మధ్యాహ్నం దాటాక సూర్యుడు మన వీపు వైపు ఉంటాడు, ఎదుటి తుంపరలో ఇంద్రధనుస్సు విరుస్తుంది. అమెరికా ఒడ్డున అదే దృశ్యానికి ఉదయం పోవాలి. రాత్రి రంగుల దీపాలు జలపాతం మీద వేసేది కూడా కెనడా వైపు నుంచే. కాబట్టి రాత్రి మాత్రం ఆ ఒడ్డుకు పోటీ లేదు.

అక్కడ కేవ్ ఆఫ్ ది విండ్స్‌కు జవాబుగా జలపాతం వెనక తవ్విన సొరంగాలున్నాయి. నిజం చెప్పాలంటే నాకు నిరాశే. సొరంగం చివర కిటికీలాంటి రంధ్రం, దాని అవతల తెల్లటి నీటి గోడ. పది సెకన్లు చూశాక చూడటానికి ఇంకేమీ లేదు. అదే టికెట్ మీద బయట జలపాతం పాదం పక్కనున్న వేదిక మాత్రం బాగుంది. చలికాలంలో వెళ్లేవారికి ఈ సొరంగాలే దిక్కు, చెక్క వంతెనలు అప్పటికి ఉండవు కనుక. దీనికన్నా నాకు నచ్చింది పాత విద్యుత్ కేంద్రం. దాని కింది సొరంగంలో నడుస్తూ పోయి జలపాతం అడుగున నది ఒడ్డుకు తేలవచ్చు. నాన్నకు చూపించలేకపోయానే అనిపించింది.

పైన ఊరిలోకి, క్లిఫ్టన్ హిల్ వీధిలోకి వెళితే మరో లోకం. మైనపు బొమ్మలు, దెయ్యాల కొంపలు, జెయింట్ వీల్, మొక్కజొన్న పొత్తులు. నాంపల్లి నుమాయిష్‌ను తెచ్చి కొండ మీద పెట్టినట్టుంటుంది. చిన్నపిల్లలున్న ఇంటికి ఇది వరం, నాకు తలనొప్పి. అమెరికా వైపు ఊరు చూస్తే దీనికి పూర్తిగా విరుద్ధం. సాయంత్రం ఏడు దాటితే వెలవెలబోతుంది.

పడవ సంగతి చెప్పడం మరిచాను. చాలామంది దీన్ని పెద్ద తేడాగా భావిస్తారు, కాదు. అమెరికా పడవలో నీలిరంగు కోటు, కెనడా పడవలో ఎర్రది. రెండూ అదే లాడం మధ్యలోకి తీసుకుపోయి అదే నీళ్లలో తడిపి తెస్తాయి. ఏ ఒడ్డున ఉంటే ఆ పడవ ఎక్కండి. రెండోసారి డబ్బులు పెట్టకండి.

అసలు తేల్చేది చాలాసార్లు పాస్‌పోర్టు. అమెరికా సందర్శక వీసా ఉన్నంత మాత్రాన భారత పాస్‌పోర్టుతో కెనడాలో అడుగుపెట్టనివ్వరు, దానికి వేరే వీసా కావాలి. గ్రీన్‌కార్డు ఉన్నవారికి ఆ బాధ లేదు, పాస్‌పోర్టూ కార్డూ చాలు. ఉద్యోగ వీసా మీద ఉండి పాస్‌పోర్టులో ముద్ర గడువు తీరినవారు, తిరిగి రావడానికి ఏ కాగితాలు కావాలో ప్రయాణానికి ముందే అధికారిక వెబ్‌సైటులో చూసుకోవాలి. వంతెన మీద నిలబడి ఫోనులో వెతికే విషయం కాదది. టొరంటోలో చదివే మన పిల్లలకు ఇదే చిక్కు తిరగబడుతుంది. కెనడా ఒడ్డు వారికి 130 కిలోమీటర్లే, అమెరికా ఒడ్డు మాత్రం వీసా ఇంటర్వ్యూ అంత దూరం.

కాగితాలు చేతిలో ఉంటే రెంటి మధ్య రెయిన్‌బో వంతెన ఉంది, నడిచి దాటవచ్చు. పగలు గోట్ ఐలాండ్, సాయంత్రానికి కెనడా కాలిబాట. నా ఓటు దీనికే. ఒక్కటే సాధ్యమైతే, మోకాళ్లు సహకరించేవారు అమెరికా ఒడ్డుకు వెళ్లండి. తడవాలని లేనివారు, మెట్లు దిగలేనివారు, మంచి ఫొటో కావాలనేవారు కెనడా ఒడ్డుకు వెళ్లండి. కానీ అమ్మానాన్నల ఆరు నెలల రాకలో, నయాగరా ఒక్కదాని కోసం రుసుములు కట్టి, వేలిముద్రలు ఇప్పించి, వారాల తరబడి కెనడా వీసాకు ఎదురుచూడటం మాత్రం నాకు అనవసరం అనిపిస్తుంది. ఆ డబ్బుతో వాళ్లను ఇంకొక ఊరు తిప్పవచ్చు.

నాన్నకు ఈ మాట నచ్చలేదు. ఆ గేట్ల కట్టడం కెనడా ఒడ్డు నుంచే నదిలోకి సాగి ఉంటుంది మరి. మేము వెళ్లినప్పుడు ఎగువకు నడిచి, దానికి ఒక ఫొటో తీసి ఆయనకు పంపాను. జలపాతం ఫొటోలు నలభై పంపితే ఉలుకూ పలుకూ లేదు. దీనికి మాత్రం అయిదు నిమిషాల్లో ఫోను.

"ఇందులో పదకొండే కనబడుతున్నాయి. మిగతా ఏడూ ఏవి?"