ఏడాదిగా జాస్ప్ వాడుతున్నాను: అనోవా షరతులు చూసుకోవడానికి ఎంతవరకు పనికొస్తుంది

అగ్రికల్చర్ పీజీలో అనోవా (చాలా గ్రూపుల సగటుల మధ్య నిజంగా తేడా ఉందా అని చూసే లెక్క) చేయకుండా బయటపడిన వాళ్లు ఉండరు. కానీ ఆ అనోవా మన డేటాకి అసలు నప్పుతుందా అని చూసుకున్న వాళ్లు నాకు తెలిసి చాలా తక్కువ, వైవాకి నెల ముందు దాకా నేనూ చూసుకోలేదు. ఆ నెలలో ఇన్‌స్టాల్ చేసుకున్న జాస్ప్ (JASP) అనే గణాంకాల సాఫ్ట్‌వేర్‌ని ఏడాదిగా వాడుతున్నాను, అందుకే ఈ రివ్యూ. ముందే చెప్పేస్తున్నాను, ఐదుకి నాలుగు ఇస్తాను, ఆ తగ్గించిన ఒక్కటి ఎందుకో కింద చెప్తాను.

అసలు దీని దాకా ఎందుకు వచ్చానో చెప్తే మీకు విషయం తేలిగ్గా అర్థమవుతుంది. నా పని మిరపలో నల్ల తామర పురుగు మీద. 2021 చివర్లో ఆ పురుగు మిరప తోటల్ని ఏం చేసిందో గుంటూరు వైపు ఎవరికీ చెప్పక్కర్లేదు, పువ్వుల్లో చేరి పూత మొత్తం రాలగొడితే కాయ మీద ఆశ వదులుకుని చేలు పీకేసిన రైతులున్నారు. ఆ పురుగు మీద మందుల ట్రయల్ నాది. కంట్రోల్‌తో (మందు కొట్టనిది) కలిపి ఏడు ట్రీట్‌మెంట్లు, మూడు రెప్లికేషన్లు (ఒక్కో ట్రీట్‌మెంట్ మూడేసి ప్లాట్లలో), ఆర్‌బీడీ (పొలాన్ని భాగాలు చేసి, ప్రతి భాగంలో అన్ని ట్రీట్‌మెంట్లనీ వేసే పద్ధతి), మొత్తం 21 ప్లాట్లు. ప్లాటుకి ఐదు మొక్కలకి ట్యాగులు కట్టి, పొద్దున్నే వెళ్లి ఆకులు, పూలు తిప్పి చూస్తూ పురుగుల్ని లెక్కపెట్టేదాన్ని.

గడువు దగ్గర పడేసరికి టెన్షన్‌లో ఎక్సెల్ ఫైల్ తీసుకెళ్లి, డబ్బులిచ్చి డేటా అనాలిసిస్ చేయించుకునే చోట ఇచ్చేశాను. పేరు చెప్పను. రెండు రోజుల్లో టేబుల్ వచ్చింది, ప్రతి సగటు పక్కన ఏ, బీ, సీ అక్షరాలు (ఒకే అక్షరం పడితే తేడా లేనట్టు), కింద సీడీ, సీవీ లాంటి అంకెలు, చూడ్డానికి బ్రహ్మాండంగా ఉంది. మా గైడ్ సర్ ఆ టేబుల్ అడుగున ఎర్రర్ డీఎఫ్ (ఎర్రర్‌ని అంచనా వేయడానికి మిగిలిన విడి విలువల లెక్క) మీద వేలు పెట్టి "ఇది 98 ఎలా అయిందమ్మా?" అన్నారు. నా దగ్గర సమాధానం లేదు.

లెక్క ఏంటంటే, వాళ్లు 21 ప్లాట్లని వదిలేసి 105 మొక్కల్నీ 105 విడివిడి ప్లాట్లన్నట్టు వేసేశారు. 105లోంచి ఏడు ట్రీట్‌మెంట్లు తీసేస్తే 98. కానీ ఒకే ప్లాటులో ఉన్న ఐదు మొక్కలు ఒకే ట్యాంకులోని మందు తాగినవి, ఒకే గట్టు పక్కన ఉన్నవి, పక్క మొక్క మీది పురుగు వీటి మీదికి ఎగిరొస్తుంది. వాటిని దేనికది విడి అనుకోవడానికి వీల్లేదు. ప్లాటుకి ఒక సగటు తీసి పెడితే ఎర్రర్ డీఎఫ్ ఆరు (ట్రీట్‌మెంట్ల కంటే ఒకటి తక్కువ) ఇంటూ రెండు (రెప్లికేషన్ల కంటే ఒకటి తక్కువ), అంటే 12. తొంభై ఎనిమిదికీ పన్నెండుకీ తేడా చూడండి, నిజంగా లేని తేడాలన్నీ ఆ టేబుల్లో సిగ్నిఫికెంట్‌గా వచ్చేశాయి. అనోవాకి ఉన్న షరతుల్లో ఈ ఇండిపెండెన్స్ అన్నిటికంటే పెద్దది, దీన్ని ఏ సాఫ్ట్‌వేర్ కూడా చూసి పెట్టలేదు, జాస్ప్‌తో సహా, ఎందుకంటే ఎక్సెల్‌లో వరస వరసగా ఉన్న అంకెల్ని చూసి ఏ మొక్క ఏ ప్లాటులోదో దానికి తెలియదు, మనకే తెలుసు.

సరే, ఇక జాస్ప్. ఆమ్‌స్టర్‌డామ్ విశ్వవిద్యాలయంలో తయారైన ఓపెన్ సోర్స్ సాఫ్ట్‌వేర్, పూర్తిగా ఉచితం, నెల రోజుల ట్రయల్ లాంటిది కాదు. హెరాల్డ్ జెఫ్రీస్ అనే గణాంక శాస్త్రవేత్త పేరు మీద ఆ పేరు పెట్టారు. లోపల లెక్కలు చేసేది ఆర్ అనే ప్రోగ్రామింగ్ భాష, కానీ మనం ఒక్క లైను కోడ్ కూడా రాయక్కర్లేదు. ఎడమ వైపు టిక్కులు పెడుతుంటే కుడి వైపు టేబుల్ అప్పటికప్పుడు మారుతుంది. నాకు బాగా నచ్చింది ఇదే: అనోవా విండోలోనే 'అసంప్షన్ చెక్స్' అని ఒక భాగం ఉంటుంది. హోమోజెనిటీ టెస్ట్ అని టిక్ పెడితే, గ్రూపుల వేరియన్స్‌లు (విలువలు ఎంత చెదిరి ఉన్నాయో చెప్పే అంకెలు) సమానమా అని చూసే లెవీన్ టెస్ట్ వస్తుంది, దాని దగ్గరే రెసిడ్యువల్స్ క్యూ-క్యూ ప్లాట్ (దీని గురించి కింద చెప్తాను), వేరియన్స్‌లు సమానం కానప్పుడు వాడే వెల్చ్, బ్రౌన్-ఫోర్సైత్ కరెక్షన్లు. వేరే మెనూలో వెతుక్కోవాల్సి వస్తే ఎవరూ వెతకరు, కళ్లెదురుగా ఉంటే టిక్ పెడతాం.

ఎంతవరకు నమ్మొచ్చో చూద్దామని నా డేటా కంటే ముందు ఆర్‌తో పాటే వచ్చే 'ఇన్‌సెక్ట్ స్ప్రేస్' అనే పాత డేటాని ఎక్కించి చూశాను, మన ఎంటమాలజీ వాళ్లకి ఇంతకంటే దగ్గరి ఉదాహరణ దొరకదు. ఏ నుంచి ఎఫ్ దాకా ఆరు పురుగుమందులు, ఒక్కోదానికి 12 చొప్పున 72 లెక్కలు. సగటు పురుగులు సీ మందుకి 2.08, ఈకి 3.5, డీకి 4.92, అదే ఏ, బీ, ఎఫ్‌లకి 14.5 నుంచి 16.67. వేరియన్స్ చూస్తే ఈ మందుకి 3, ఎఫ్‌కి 38.6, దాదాపు పదమూడు రెట్లు. పురుగులు తక్కువున్న చోట లెక్కలు దగ్గరదగ్గరగా ఉంటాయి, ఎక్కువున్న చోట చెల్లాచెదురుగా ఉంటాయి, కౌంట్ డేటా స్వభావమే అది, నా తామర పురుగు డేటాలోనూ కంట్రోల్ ప్లాట్లు ఇలాగే ఉన్నాయి.

అనోవా మామూలుగా వేస్తే ఎఫ్ విలువ (ఎఫ్ మందు కాదు, అనోవా ఇచ్చే అంకె, పెద్దదైతే తేడా ఉన్నట్టు) 34.7, మందుల మధ్య తేడా ఉందని ఎవరైనా చెప్పేస్తారు. లెవీన్ టిక్ పెడితే పీ (అసలు తేడా లేకపోయినా ఇంత తేడా యాదృచ్ఛికంగా కనపడే అవకాశం) 0.05 కంటే బాగా కిందికి వచ్చి, వేరియన్స్‌లు సమానం కావని చెప్తుంది. 'అయితే ఏంటి, తేడా ఎలాగూ ఉందిగా' అని నేనూ అనుకున్నాను, కానీ అసలు దెబ్బ పడేది పోస్ట్ హాక్ దగ్గర, అంటే మందుల్ని రెండేసి చొప్పున పోల్చే చోట. సీ, డీ మందుల్నే తీసుకోండి, రెండూ బాగా పనిచేసినవే, రైతుకి కావాల్సింది ఆ రెంటిలో ఏది మేలు అని. అలా పోల్చే మామూలు ట్యూకీ టెస్ట్ వేస్తే పీ 0.49, అంటే తేడా లేదు, రెంటికీ ఒకే అక్షరం పడుతుంది. కారణం, ట్యూకీ వాడుకునే ఎర్రర్ ఆరు మందులదీ కలిపిన 15.4, అందులో ఎఫ్ మందు చిందరవందర అంతా ఉంది, సీ సొంత వేరియన్స్ 3.9, డీది 6.3 మాత్రమే. ఎక్కడో పనిచేయని మందు గందరగోళం వల్ల పనిచేసే రెండు మందుల మధ్య తేడా కనపడకుండా పోయింది.

ఇప్పుడు కంప్యూట్ కాలమ్‌లో కౌంట్‌కి స్క్వేర్ రూట్ తీసి మళ్లీ వేశాను. ఎఫ్ విలువ 44.8కి పెరిగింది, వేరియన్స్‌లు సర్దుకున్నాయి, సీ-డీ తేడా పీ 0.01 కిందికి దిగింది. డేటా అదే, పురుగులు అవే, తీర్పు మారింది. ట్రాన్స్‌ఫామ్ చేయకుండా గేమ్స్-హోవెల్ అనే ఇంకో పోస్ట్ హాక్ టెస్ట్ వేస్తే, అది ఏ రెండు మందుల్ని పోలిస్తే ఆ రెంటి వేరియన్సే వాడుతుంది కాబట్టి, అదే సీ-డీ పోలిక 0.05కి కొంచెం పైన ఆగుతుంది. రెండు దారులూ ఒకే మాట చెప్పవు, అందుకే ఏది వాడాలో డేటా చూడకముందే అనుకుని థీసిస్‌లో రాసుకోవాలి, మనకి నచ్చిన జవాబు ఏది ఇస్తే అది ఎంచుకోవడం తప్పు. మాకు కాలేజీలో కౌంట్లకి 0.5 కలిపి స్క్వేర్ రూట్, పర్సెంటేజ్‌లకి ఆర్క్ సైన్ అని బట్టీ పట్టించారు, ఎందుకో మాత్రం ఈ ఒక్క సాయంత్రం అర్థమైంది.

నార్మాలిటీ (విలువలు గంట ఆకారంలో పరుచుకుని ఉండాలనే షరతు) దగ్గర చాలామంది చేసే తప్పు కూడా ఇక్కడే చెప్పాలి. కాలమ్ మొత్తాన్ని తీసుకెళ్లి షాపిరో-విల్క్ టెస్ట్‌లో పెట్టేస్తారు. పై డేటాలో సగం మందులు మూడు నాలుగు పురుగుల దగ్గర, మిగతా సగం పదిహేను దగ్గర ఉన్నాయి, కాలమ్ మొత్తం గ్రాఫ్ గీస్తే రెండు గుట్టలు వస్తాయి, మందు బాగా పనిచేసిందనడానికి గుర్తు అది, దాన్ని పట్టుకుని నార్మల్ కాదంటే ఎలా? నార్మల్‌గా ఉండాల్సింది రెసిడ్యువల్స్, అంటే ప్రతి లెక్కలోంచి దాని మందు సగటు తీసేశాక మిగిలింది. జాస్ప్ క్యూ-క్యూ ప్లాట్ గీసేది ఆ రెసిడ్యువల్స్‌కే, ఇది నిజంగా మంచి పని. చుక్కలు గీత వెంట ఉంటే చాలు, చివర్లో ఒకటి రెండు పక్కకి జరిగితే కంగారు పడక్కర్లేదు. చుక్కలు వంకర తిరిగి విల్లులా కనిపిస్తే అప్పుడు ఆలోచించాలి.

అలాగని పీ విలువల్నే జడ్జిలా కూర్చోబెట్టకండి. ట్రీట్‌మెంట్‌కి మూడే విలువలుంటే లెవీన్‌కి ఏమీ కనపడదు, వేరియన్స్‌లు పది రెట్లు తేడా ఉన్నా పాస్ చేసేస్తుంది, వందల్లో ఉంటే చిన్న తేడాకి కూడా ఫెయిల్ చేస్తుంది. గ్రూపులన్నీ సమానంగా ఉంటే అనోవా కొంత ఓర్చుకుంటుంది, అసమానంగా ఉన్నప్పుడే ప్రమాదం, అందులోనూ చిన్న గ్రూపుకి పెద్ద వేరియన్స్ ఉంటే లేని తేడాలు ఉన్నట్టు వస్తాయి. అలాంటప్పుడు నేనైతే టెస్ట్ పాసా ఫెయిలా అని చూడకుండా నేరుగా వెల్చ్‌కే వెళ్తాను. క్రుస్కాల్-వాలిస్ (విలువల బదులు వాటి ర్యాంకులతో చేసే టెస్ట్) కూడా అదే విండోలో ఉంది కానీ, వేరియన్స్‌లు అసమానంగా ఉన్నప్పుడు అది అన్నిటికీ మందు అనుకోవద్దు, చెదురు తేడా దాన్నీ తప్పుదారి పట్టిస్తుంది.

ఇక ఆ తగ్గించిన ఒక్క మార్కు. మనం చేసేవన్నీ ఆర్‌బీడీలు, జాస్ప్ ఆ సంగతి తనంతట తాను అర్థం చేసుకోదు. ట్రీట్‌మెంట్, రెప్లికేషన్ రెండూ ఫ్యాక్టర్లుగా ఇవ్వగానే వాటి ఇంటరాక్షన్ (రెండూ కలిసి చూపే ప్రభావం) కూడా మోడల్‌లో పెట్టేస్తుంది, ప్లాటుకి ఒకే విలువ ఉన్నప్పుడు ఇక ఎర్రర్‌కి మిగిలేది ఏమీ ఉండదు, లెక్క ఆగిపోతుంది. నేను మొదటిసారి గంటసేపు డేటాలో తప్పుందనుకుని వెతికాను. మోడల్ అనే భాగం తెరిచి ఆ ఇంటరాక్షన్‌ని తీసేయాలి, అప్పుడు ఎర్రర్ డీఎఫ్ 12 అని కనిపిస్తుంది, ఆ పన్నెండుని చూసినప్పుడు నాకు కలిగిన తృప్తి అంతా ఇంతా కాదు. వెల్చ్, బ్రౌన్-ఫోర్సైత్ కూడా వన్-వే (ఒకే ఫ్యాక్టర్ ఉన్న) అనోవాకే పనిచేస్తాయి, కాబట్టి సీఆర్‌డీ (భాగాలు చేయకుండా ప్లాట్లన్నిటికీ ట్రీట్‌మెంట్లు చీటీ వేసినట్టు పంచే పద్ధతి) వాళ్లకి హాయి, ఆర్‌బీడీ వాళ్లకి ట్రాన్స్‌ఫర్మేషన్, క్యూ-క్యూ ప్లాట్‌లే దిక్కు. కౌంట్లకి పాయిసన్ మోడల్ రిగ్రెషన్ మెనూలో ఉంది, అది ఇంకో రోజు నేర్చుకోవాల్సిన కథ. పిచికారీకి ముందు, మూడో రోజు, ఏడో రోజు అంటూ అదే ప్లాటుని మళ్లీమళ్లీ లెక్కపెట్టిన వాళ్లు రిపీటెడ్ మెజర్స్ విండోకి వెళ్లండి, అలాంటి డేటాకి ఉన్న షరతు చూసే మౌచ్లీ టెస్ట్, ఆ షరతు తప్పితే వాడే గ్రీన్‌హౌస్-గీసర్ కరెక్షన్ రెండూ అక్కడున్నాయి.

ఇంకో లోటు, స్క్వేర్ రూట్ తీసి చేసిన అనోవాలో సగటులు కూడా స్క్వేర్ రూట్‌లోనే వస్తాయి, వెనక్కి మార్చుకోవడం మన పని. సీ మందు స్క్వేర్ రూట్ సగటు 1.245, దాన్ని వర్గం చేస్తే 1.55, అసలు సగటేమో 2.08. రెండూ ఒకటి కావు. టేబుల్లో అసలు సగటులు రాసి, బ్రాకెట్లో స్క్వేర్ రూట్ విలువలు పెట్టి, అక్షరాలు ఏ స్కేల్ మీద పడ్డాయో కింద ఒక్క లైను రాయండి. వైవాలో నన్ను అడిగిన మొదటి ప్రశ్న ఆ లైను గురించే.

చివరగా డబ్బులిచ్చి అనాలిసిస్ చేయించుకునే వాళ్లకి ఒక మాట. గడువు ఒత్తిడి నాకు తెలుసు, చేయించుకోవద్దని చెప్పను. కానీ టేబుల్ ఒక్కటే తీసుకుని రావద్దు, జాస్ప్‌లో చేయించి ఆ ఫైల్ ఇమ్మని అడగండి. డేటా, పెట్టిన టిక్కులు, ఫలితాలు అన్నీ ఆ ఒక్క ఫైల్లోనే సేవ్ అవుతాయి, గైడ్ సర్ లాప్‌టాప్‌లో తెరిస్తే ఏం చేశారో మొత్తం కనిపిస్తుంది. ఇంటికొచ్చి తెరవగానే మొదట ఎర్రర్ డీఎఫ్ చూడండి, మీ ప్లాట్ల లెక్కతో సరిపోతుందా లేదా అని. సరిపోకపోతే ఆ రోజే వెనక్కి తీసుకెళ్లండి.