బెటల్‌జూస్, ఆరుద్ర, గొల్లకావడి: చుక్కలను ఏ పేరుతో పిలవడం మేలు?

2019 చివరి నుంచి 2020 ఫిబ్రవరి దాకా ఆకాశంలో ఒక ఎర్రటి నక్షత్రం మామూలు కంటికి తెలిసేంతగా మసకబారింది. ఆ వార్తను తెలుగులో నేను బెటల్‌గ్యూస్ అనీ, బీటిల్‌జూస్ అనీ, బెటెల్గీజ్ అనీ మూడు రకాలుగా చదివాను. చదివి వినిపిస్తే మా పెదనాన్న ఆసక్తిగానే విని, ఆ చుక్క మనకు కనిపించేది కాదేమో అన్నారు. ఏటా జూన్‌లో ఆరుద్ర కార్తె ఏనాడు ప్రవేశిస్తుందో పంచాంగంలో చూసుకుని నారు పోయించే మనిషి ఆయన. మసకబారింది ఆయన ఆరుద్రే. పేరు మారడంతో ఆయనకు ఆ చుక్క పరాయిదైపోయింది.

తెలుగువాళ్లకు ఆకాశం మూడు వరసల పేర్లతో అందుతోంది. అమ్మమ్మలు, పొలం మనుషులు వాడిన గొల్లకావడి, పిల్లలకోడి, వేగుచుక్క వంటి పేర్లు ఒక వరస. అశ్విని నుంచి రేవతి దాకా పంచాంగం చెప్పే 27 నక్షత్రాల పేర్లు రెండో వరస. గ్రీకు, లాటిన్, అరబ్బీ మూలాల నుంచి వచ్చి నేడు ప్రపంచమంతా వాడుతున్న ఓరియన్, రైజెల్, ఆల్డెబరాన్ వంటివి మూడో వరస. దుర్భిణి లేకుండా, డాబా మీద చాప పరుచుకుని ఆకాశాన్ని పరిచయం చేసుకోవాలనుకునే మనిషి వీటిలో దేనితో మొదలుపెట్టాలన్నదే నా ప్రశ్న. జాతకాల గొడవ ఇక్కడ లేదు.

జనవరి రాత్రి ఎనిమిది, తొమ్మిది గంటల వేళ తూర్పు నుంచి నడినెత్తికి ఎక్కుతూ మూడు చుక్కలు సమాన దూరంలో ఒకే గీత మీద కనిపిస్తాయి. మా అమ్మమ్మ వాటిని గొల్లకావడి అనేది: నడుమనున్నవాడు గొల్లవాడు, అటొకటి ఇటొకటి పాలకుండలు. అదే మూడింటికి నా మేనకోడలి ఫోను ఆల్నిటక్, ఆల్నిలమ్, మింటకా అని మూడు పేర్లు చూపించింది. ఆ పేర్లు తప్పు కావు, కానీ రెండు నిమిషాల తరువాత అడిగితే ఆ పిల్లకు ఒక్కటీ గుర్తు లేదు. గొల్లకావడి మాత్రం ఒక్కసారి విన్నాక మరిచిపోలేదు, ఎందుకంటే ఆ పేరులోనే బొమ్మ ఉంది. కావడి బద్దను ఆగ్నేయంగా పొడిగిస్తే ఆకాశంలోకెల్లా ప్రకాశవంతమైన నక్షత్రం సిరియస్ తగులుతుంది. వాయవ్యంగా పొడిగిస్తే ఎర్రగా రోహిణి, ఇంకా ముందుకు వెళితే గుప్పెడు చుక్కల కుప్పగా కృత్తికలు వస్తాయి. ఆ కృత్తికలనే జనం పిల్లలకోడి అన్నారు. రెక్కల కింద పిల్లలను పొదువుకున్న కోడిని చూసిన కన్నుకు ఆ పేరును వివరించనక్కరలేదు.

జానపదుల పేర్లు ఇంత హాయిగా ఉన్నప్పుడు వాటితోనే సరిపెట్టుకోవచ్చుకదా అంటే, కుదరదు. అవి చాలా కొద్ది, ఊరికీ ఊరికీ మారతాయి, రాతలో స్థిరపడలేదు. పైగా బొమ్మను బట్టి పెట్టిన పేరు అలాంటి బొమ్మ ఉన్న ప్రతి చోటా అతుకుతుంది. ఆగస్టు, సెప్టెంబరు రాత్రుల్లో నడినెత్తి దగ్గర శ్రవణ నక్షత్రం, దానికి అటూ ఇటూ మరి రెండు చిన్న చుక్కలు కూడా కావడిలాగే వరసగా ఉంటాయి. కాలం చెప్పకుండా గొల్లకావడి అంటే ఏ కావడో తేలదు. సప్తర్షి మండలంలోని నాలుగు చుక్కల చతురస్రాన్ని ముసలమ్మ మంచంగా, తోకలోని మూడింటిని ఆ మంచాన్ని ఎత్తుకుపోయే దొంగలుగా గోండులు చెప్పుకుంటారు. కథగా అది ఏడుగురు ఋషుల కథకంటే నాకు నచ్చుతుంది. కానీ మంచం కోళ్లలా నాలుగు చుక్కలు ఆకాశంలో మరో చోటా ఉన్నాయి, ఆ సంగతి కింద చెబుతాను.

పంచాంగపు పేర్ల బలం వేరు. అవి చంద్రుడి దారి వెంట నాటిన మైలురాళ్లు. చంద్రుడు ఆ దారిని ఒకసారి చుట్టిరావడానికి 27 రోజులకు కొంచెం పైగా పడుతుంది కాబట్టి రోజుకొక మజిలీ చొప్పున 27 నక్షత్రాలు ఏర్పడ్డాయి. పౌర్ణమి చంద్రుడు చిత్త దగ్గరుండే నెల చైత్రం, విశాఖ దగ్గరుండేది వైశాఖం, కృత్తికల దగ్గరుండేది కార్తీకం, మృగశిర దగ్గరుండేది మార్గశిరం. కార్తీక పౌర్ణమి నాడు గుడిలో దీపం పెట్టి బయటికొచ్చి చంద్రుడి పక్కన చూస్తే పిల్లలకోడి అక్కడే ఉంటుంది, వెన్నెల ఎక్కువై మసకగా కనిపించినా సరే. నెల పేరే చుక్క చిరునామా చెప్పే సౌకర్యం, మృగశిర, కృత్తికలు ఉన్న మండలాలకు పాశ్చాత్యులు పెట్టిన ఓరియన్, టారస్ అనే పేర్లలో లేదు.

రైతుల కార్తెలు కూడా ఈ పేర్ల మీదే నడుస్తాయి. రోహిణి కార్తెలో రోళ్లు పగులుతాయనీ, ఆరుద్ర కురిస్తే ఆరు కార్తెలు కురుస్తాయనీ అనని పల్లె లేదు. అయితే ఇక్కడొక తమాషా ఉంది. కార్తె అంటే సూర్యుడు ఆ నక్షత్రంలో ఉండే పదమూడు, పద్నాలుగు రోజులు. మే 25 ప్రాంతంలో రోహిణి కార్తె వచ్చిందంటే రోహిణి చుక్క సూర్యుడి వెలుగులో మునిగి కంటికి కనిపించదని అర్థం. దాన్ని పొద్దుగూకగానే చూడాలంటే డిసెంబరు దాకా ఆగాలి. అందుకే కార్తెల పేర్లన్నీ వరసగా అప్పజెప్పగలిగిన మా పెదనాన్నకు వాటిలో ఒక్క చుక్కనూ ఆకాశంలో చూపించడం రాదు.

నేనూ ఆ కోవలోనివాణ్ణే. నా జన్మనక్షత్రం ఉత్తరాభాద్ర. గుళ్లో అర్చన చేయించిన ప్రతిసారీ గోత్రంతోపాటు ఆ పేరు చెప్పాను, కానీ నలభై ఏళ్లు దాటేదాకా దాన్ని చూడలేదు. ఒక నవంబరు రాత్రి పటం పట్టుకుని వెతికితే నడినెత్తికి దగ్గర్లో నాలుగు చుక్కల పెద్ద చతురస్రం కనిపించింది. పడమటి వైపు రెండూ పూర్వాభాద్ర, తూర్పు వైపు రెండూ ఉత్తరాభాద్ర. ఈ రెండు నక్షత్రాలనూ సంప్రదాయం మంచపు కోళ్లతోనే పోల్చింది: ముందు కోళ్లు రెండు, వెనుక కోళ్లు రెండు. మెడ నొప్పి పుట్టేదాకా చూస్తూ నిలబడ్డాను. పాశ్చాత్యుల పటంలో ఇదే చతురస్రం రెక్కల గుర్రం పెగాసస్ ఒళ్లు. కానీ దాని ఈశాన్య మూలనున్న ఆల్ఫెరాట్జ్ నేటి సరిహద్దుల ప్రకారం పెగాసస్‌ది కాదు, పక్కనున్న ఆండ్రోమెడాది. నాలుగు కోళ్ల మంచంలో ఒక కోడును పొరుగింటి లెక్కలో రాశారన్నమాట. ఈ చతురస్రం వరకు మన పేర్లే కంటికి దగ్గరగా ఉన్నాయని నా తీర్పు.

మన వరసలోని లోపం కూడా ఇక్కడే చెప్పాలి. కాలక్రమంలో నక్షత్రం అనే మాట చుక్కను వదిలి కొలతను పట్టుకుంది. వృత్తాన్ని 27 సమభాగాలు చేసి, ఒక్కొక్కటి 13 డిగ్రీల 20 నిమిషాలుగా లెక్కించి, ఆ భాగానికి చుక్క పేరు పెట్టారు. చుక్కలు ఆ గీతలకు లోబడి ఉండవు. ఆరుద్రగా మనం చూపే ఎర్రటి చుక్క నేటి పంచాంగ గణితం ప్రకారం మృగశిర భాగంలో పడుతుంది. స్వాతి, శ్రవణం సూర్యుడి దారికి దాదాపు ముప్పై డిగ్రీల ఉత్తరాన ఉన్నాయి. చంద్రుడు ఆ దారి నుంచి అయిదు డిగ్రీలకు పెద్దగా మించి తొలగడు కాబట్టి చంద్రుడు స్వాతిలో ఉన్నాడని పంచాంగం చెప్పిన రాత్రి అతడి పక్కన స్వాతి కోసం వెతికితే నిరాశే. ఇక ఈ 27కు, ధ్రువుడు, సప్తర్షులు, అగస్త్యుడు వంటి కొన్ని పేర్లకు బయట ఆకాశంలో చాలా భాగానికి ఈ వరసలో పేరే లేదు.

ఆ ఖాళీ లేనిది మూడో వరస. రెండో శతాబ్దంలో గ్రీకు ఖగోళవేత్త టాలమీ 48 నక్షత్ర మండలాలను, అంటే చుక్కల గుంపులను, నమోదు చేశాడు. దక్షిణాకాశపు మండలాలు తరువాత చేరాయి. 1922లో అంతర్జాతీయ ఖగోళ సంఘం 88 మండలాల జాబితాను అంగీకరించింది. 1930లో బెల్జియం శాస్త్రవేత్త యూజీన్ డెల్పోర్ట్ గీసిన సరిహద్దులు ప్రచురితమయ్యాక ఆకాశంలో ఏ మండలానికీ చెందని జానెడు చోటు కూడా మిగల్లేదు. టోక్యోలో ఉన్నవాడికీ, తెనాలిలో ఉన్నవాడికీ ఒకే పేరు పనిచేస్తుంది. 1603లో జర్మనీకి చెందిన యోహాన్ బాయర్ మొదలుపెట్టిన గ్రీకు అక్షరాల పద్ధతి వల్ల మండలంలోని చిన్న చుక్కను కూడా పిలవడానికి వీలైంది. ఆ అక్షరాలు అన్నిచోట్లా వెలుగు క్రమాన్ని పాటించవు. ఓరియన్‌లో ఆల్ఫా అయిన బెటల్‌జూస్ కంటే బీటా అయిన రైజెలే సాధారణంగా ఎక్కువ వెలుగుతుంది. అయినా చిరునామాగా పనికొస్తాయి.

మనకు నోరు తిరగని ఈ పేర్లలో చాలా భాగం అరబ్బీ తెలిసినవాడికి గొల్లకావడి అంత తేటగా ఉంటాయి. రైజెల్ అంటే పాదం, డెనెబ్ అంటే తోక, ఫోమల్‌హాట్ అంటే చేప నోరు. ఆల్డెబరాన్ అంటే వెంట వచ్చేది: కృత్తికలు ఉదయించాక వాటి వెనుకే వచ్చే మన రోహిణి అది. బెటల్‌జూస్ మాత్రం అరబ్బీని లాటిన్‌లోకి ఎత్తిరాసేటప్పుడు ఒక అక్షరాన్ని తప్పుగా చదవడం వల్ల చెడిపోయిన పేరు. రాత తప్పు ప్రపంచ ప్రామాణికమైంది కాబట్టి దాన్ని తెలుగులో మూడు రకాలుగా రాసిన విలేకరులను నేనేమీ అనను.

ఈ మూడింటి నడుమ నాలుగో దారి ఒకటి తొక్కారు, అది నాకు నచ్చదు. కాసియోపియాకు శర్మిష్ఠ అనీ, ఆండ్రోమెడాకు దేవయాని అనీ, పెర్సియస్‌కు యయాతి అనీ భారతకథ నుంచి పేర్లు తెచ్చి అతికించారు. ఇవి పాత జ్యోతిష గ్రంథాల పేర్లు కావు. గ్రీకు కథలో కాసియోపియా తల్లి, ఆండ్రోమెడా కూతురు. మన కథలో శర్మిష్ఠ, దేవయాని సవతులు. ఆకాశంలో ఈ రెండు మండలాలు పక్కపక్కన ఎందుకున్నాయో గ్రీకు కథ చెబుతుంది, పరాయి చీర కట్టుకున్న పేర్లు చెప్పలేవు. ఈ పేరు నేర్చుకున్న పిల్లవాడు పటం తెరిస్తే అక్కడ అది ఉండదు, అమ్మమ్మను అడిగితే ఆమెకూ తెలియదు. కాసియోపియాను కాసియోపియా అనడమే నయం. రైలుకు, బస్సుకు కొత్త పేర్లు కనిపెట్టకుండానే ప్రయాణాలు సాగుతున్నాయి కదా.

దక్షిణ దిక్కున మాత్రం మనవాళ్లదే పైచేయి. ఆకాశంలో వెలుగులో రెండో స్థానంలో ఉన్న కనోపస్ లండన్ నుంచి ఎప్పటికీ కనిపించదు, హైదరాబాదు నుంచి ఇరవై డిగ్రీల ఎత్తుకు లేస్తుంది. దాన్ని దక్షిణానికి వెళ్లిన అగస్త్యుడనడంలో దిక్కు కూడా చెప్పినట్టే అయింది. మే నెల రాత్రుల్లో దక్షిణపు అంచున తక్కువ ఎత్తులో నిలిచే నాలుగు చుక్కల శిలువను త్రిశంకుడనడం ఇంకా బాగుంటుంది. అటు స్వర్గానికీ ఇటు నేలకూ కాకుండా వేలాడినవాడి కథకు ఆ ఎత్తు సరిగ్గా సరిపోయింది.

కనుక నా వరస ఇది. చూపించేటప్పుడు జానపదుల పేరు ముందు, దారి గుర్తుపెట్టుకునేటప్పుడు నక్షత్రం పేరు, పటంలోనో ఫోనులోనో వెతికేటప్పుడు అంతర్జాతీయ నామం. ఒక్కటే ఎంచుకోమంటే, పాత పేరున్న చోట నక్షత్రం పేరునే పట్టుకుంటాను, లేనిచోట కొత్తది పుట్టించకుండా పరాయి పేరునే తీసుకుంటాను. ఈ మధ్య ఎదురు ప్రయాణం కూడా మొదలైంది. భరణి, రేవతి అనే పేర్లు ఒక్కొక్క చుక్కకు అంతర్జాతీయ ఖగోళ సంఘపు అధికారిక జాబితాలో చేరాయి.

సన్నని చుక్కను చూపాలంటే ముందు దాని పక్కనున్న పెద్ద చుక్కను చూపమనే పద్ధతికి మనవాళ్లు అరుంధతి పేరే పెట్టి స్థూలారుంధతీ న్యాయం అన్నారు. మా ఇంట్లో ఒక మార్గశిర మాసపు పెళ్లిలో, రాత్రి ఎనిమిదిన్నర ముహూర్తం తరువాత పురోహితులు పందిరి బయట వధూవరులకు ఉత్తరం వైపు చేయి చూపి అరుంధతిని చూడమన్నారు. ఇద్దరూ తల ఊపారు. పక్కనున్న మేనకోడలు ఫోను చూసి, "తాతగారూ, సప్తర్షులు ఇంకా ఉదయించలేదండీ, అర్ధరాత్రి దాటాలి" అంది. ఆయన నవ్వి, అయితే మెలకువగా ఉండమనండి అన్నారు. మూడు గంటల వేళ నిజంగానే నలుగురం డాబా ఎక్కాం. దొంగల్లో నడిమివాణ్ణి చూడమని నేనన్నాను, అంటే వసిష్ఠుణ్ణి. పెళ్లికొడుకు కళ్లజోడు తుడుచుకుని చాలాసేపు చూశాడు. దాని పక్కనే ఇంకోటి చిన్నగా ఉందని ముందుగా పెళ్లికూతురే చెప్పింది. ఫోను తెర మీద దాని పేరు ఆల్కోర్ అని ఉంది.