సూర్యకాంతం అని తప్పు లేకుండా కొట్టిచ్చారు

మా మామ్మ సంవత్సరీకానికి వచ్చినవాళ్లకి ఇద్దామని అరవై స్టీలు డబ్బాలు కొని, కొన్న షాపులోనే మామ్మ పేరు, సూర్యకాంతం అని కొట్టమన్నాం. పన్నెండు డబ్బాలు అయ్యాక చూస్తే "సూర్యకాతం" అని ఉంది, సున్న లేదు. పైగా ఆ కుర్రాడు "బాగా గయ్యాళా అండీ?" అని నవ్వాడు. నాకు ఏడుపొచ్చేసింది.

ఆ పేరు వింటే ఎవరికైనా నటి సూర్యకాంతం గారే గుర్తొస్తారు. ఆవిడా మన కాకినాడ దగ్గర వెంకటకృష్ణరాయపురంలో 1924లో పుట్టినావిడే. గయ్యాళి అత్త వేషాలు ఎంత బాగా వేశారంటే, ఆడపిల్లకి ఆ పేరు పెట్టడానికే జనం జంకారు. ఇంటి నుంచి వండి తెచ్చి షూటింగులో అందరికీ పెట్టేవారన్న సంగతి మాత్రం ఎవరూ ఎత్తరు. మా మామ్మ పుట్టింది 1938లో, అప్పటికి ఆవిడ సినిమాల్లోకే రాలేదు. మామ్మ కోడళ్ల మీద గొంతు లేపడం నేనెరగను. 1986 వరదల్లో మా లంకలోకి నీళ్లొస్తే, కోడళ్లనీ పిల్లల్నీ ముందు పడవెక్కించి, తను ఆవుని పట్టుకుని రెండు రోజులు గట్టు మీదే ఉండిపోయిందట. అయినా మా చెల్లి కూతురికి ఆ పేరు పెడదామంటే "రేపు అత్తారింట్లో ఏమంటారే" అని అందరూ వద్దన్నారు.

డబ్బాలన్నీ పట్టుకుని అమలాపురం గడియార స్తంభం దగ్గర పేర్లు కొట్టే పెద్దాయన దగ్గరికెళ్లాను. పేరు చూసి నవ్వలేదు. "సూర్యకాంతమంటే ఎండ తగిలితే నిప్పు పుట్టే రాయమ్మా, మంచి పేరు" అన్నారు. మూత మీద ముందు స్కెచ్ పెన్నుతో రాసి, నా చేత పైకి చదివించి, అప్పుడు మెషిన్ పెట్టారు. ర్యకి కింద ఒత్తు తోక కూడా చుక్క చుక్కగా, తెగకుండా తిప్పారు. ఒక్కోటీ అయ్యాక గుడ్డతో తుడిచి, గరుకు తగులుతోందేమో అని బొటనవేలితో రాసి చూసుకున్నారు. పాడైన పన్నెండింటికీ కా పక్కన చోటు చూసి సున్న పెట్టారు, తర్వాత పెట్టినట్టే తెలీదు.

డబ్బాకి పది రూపాయలు. పని నిదానం, నాకు రెండు మధ్యాహ్నాలు పట్టింది. కూర్చోడానికి చోటు లేదు, పెద్దవాళ్లని తీసుకెళ్లకండి. మూతకీ డబ్బాకీ రెండింటికీ కొట్టించుకోండి, పంపకాల్లో మూతలు మారిపోతాయి.