ఏడేళ్లుగా మా స్లో కుక్కర్‌లో పొద్దుటి క్యాసరోల్

మేముండేది ఒహాయోలోని కొలంబస్‌లో. స్లో కుక్కర్ (తక్కువ వేడి మీద గంటల తరబడి వండే కరెంటు కుక్కర్) కొని ఈ నవంబరుకి ఏడేళ్లు. ఆరు క్వార్టులది (దాదాపు అయిదున్నర లీటర్లు), కోలగా ఉండే రకం. లోపల బరువైన పింగాణీ గిన్నె, పైన గాజు మూత. ఇందులో పప్పూ వండాను, చికెనూ వండాను. కానీ అవి ప్రెషర్ కుక్కర్‌లోనే బాగుంటాయి. దీనికి పెట్టిన డబ్బు రాబట్టింది ఒక్కటే: గుడ్లు, బంగాళాదుంప తురుము, సాసేజ్, చీజ్ పొరలుగా వేసి రాత్రి పెట్టే క్యాసరోల్. ఇప్పటికి యాభైసార్లకి పైనే చేసి ఉంటాను.

మొదటిసారి చేసింది థాంక్స్‌గివింగ్ సెలవుల్లో. ఇంటినిండా చుట్టాలు, పదకొండు మందిమి. అంతమందికీ దోసెలు పోసేసరికి నేను తినడానికి పన్నెండవుతుంది. మా ఆఫీసులో ఒకావిడ, "రాత్రి అన్నీ వేసేసి ‘లో’ మీద, అంటే తక్కువ వేడి మీద, ఎనిమిది గంటలు పెట్టు, పొద్దున్నే వడ్డించు" అని చెప్పింది. అలాగే చేశాను. పొద్దున చూస్తే అంచులు నల్లగా మాడి గిన్నెకి అంటుకుపోయాయి. మధ్యలో గుడ్డు స్పాంజిలా బిగిసి, చుట్టూ నీళ్లు ఊరాయి. కొంచెం ఆకుపచ్చ ఛాయ కూడా వచ్చింది. గుడ్డు ఎక్కువసేపు వేడి మీద ఉంటే పచ్చసొనలోని ఇనుము, తెల్లసొనలోని గంధకం కలిసి ఆ రంగు వస్తుంది. హాని లేదు, కానీ పిల్లలెవరూ ముట్టలేదు. ఆవిడ కుక్కర్ వాళ్ల అమ్మగారి కాలం నాటిది, దానికి ఎనిమిది గంటలు సరిపోయేవేమో. మా దాంట్లో ‘లో’ మీద ఆరు గంటలకే అయిపోతుంది. కొత్తగా కొన్నవాళ్లు మొదటిసారి ఏదైనా సెలవురోజు పగలు పెట్టి, అయిదో గంట నుంచి చూసుకోండి. మీ కుక్కర్ వేడి మీకు తెలియాలి.

నా కొలతలు చెబుతాను. ఫ్రోజెన్ హ్యాష్ బ్రౌన్స్ (బంగాళాదుంప తురుము) రెండు పౌండ్ల సంచి ఒకటి, డజను గుడ్లు, ఒక కప్పు చిక్కటి పాలు, ఒక పౌండు చికెన్ సాసేజ్, రెండు కప్పుల చెడ్డార్ తురుము, ఒక ఉల్లిపాయ, రెండు క్యాప్సికమ్‌లు, నాలుగైదు పచ్చిమిరపకాయలు, గుప్పెడు కొత్తిమీర. హ్యాష్ బ్రౌన్స్‌ని ముందురోజే ఫ్రీజర్‌లోంచి ఫ్రిజ్‌లోకి మార్చి, చేసేముందు బట్టలో పిండుతాను. ఒకసారి తాజా దుంపలు తురిమి వేశాను. రంగు మారి బూడిదలా అయింది, నీరు కూడా ఎక్కువే వచ్చింది. మళ్లీ ఆ పని చేయలేదు.

సాసేజ్ బాగా ఎర్రబడేదాకా వేయించాలి. ఉల్లి, క్యాప్సికమ్ కూడా నీరు ఇగిరేదాకా మగ్గించాలి. ఈ పదిహేను నిమిషాల పనిని బద్ధకించకండి. స్లో కుక్కర్‌లో ఏదీ ఎర్రగా వేగదు, తడి బయటికి పోదు. మీరు లోపల పెట్టిన నీరంతా పొద్దున మీ కంచంలోకే వస్తుంది. ఉప్పు మాత్రం చెంచాకి మించి వద్దు, సాసేజ్‌లోనూ చీజ్‌లోనూ ఇప్పటికే ఉంటుంది.

గిన్నెకి అంచుల దాకా వెన్న పట్టించి, దుంపలు, సాసేజ్, కూరగాయలు, చీజ్, మళ్లీ దుంపలు. పైన గిలకొట్టిన గుడ్లూ పాలూ. ఆ తర్వాత నేను ఎన్నో పొరపాట్ల మీద నేర్చుకున్న సంగతి ఒకటుంది: గిన్నె మీద శుభ్రమైన మందపాటి నూలు తువ్వాలు పరిచి దానిపై మూత పెట్టండి. తువ్వాలు కొసలు వేడి పక్కలకి తగలకుండా మూత మీదికి మడవండి. లేకపోతే ఆవిరి మూతకి పట్టి, బొట్లుబొట్లుగా కిందికి కారి, పైన చీజ్ అంతా తడిసి జిగురుగా అవుతుంది. తువ్వాలు వేస్తే పైభాగం ఆరి, అంచున వేలి వెడల్పు గోధుమరంగు పొర కడుతుంది. మా అబ్బాయి ముందు ఆ అంచే అడుగుతాడు.

మా అత్తగారు వచ్చినప్పుడు దీని పక్కనే కూర్చుని చూశారు. ఆవిడ గుడ్డు తినరు, ఆవిడకి ఉప్మా వేరే చేశాను. "మా పుట్టింట్లో దాలిలో పాలకుండ ఇలాగే పెట్టేవాళ్లమే అమ్మాయ్. పిడకల సెగకి పొద్దుట్నుంచి సాయంత్రం దాకా కాగి, పాలు ఎర్రబడి, మీగడ అట్టులా కట్టేది. ఇది మీ కరెంటు దాలి" అన్నారు. నేను మూత తీసి చూడబోతే, "దాలి మూత మాటిమాటికీ తీయకూడదు, సెగ పోతుంది" అని చెయ్యి పట్టుకున్నారు. అక్షరాలా నిజం. ఒక్కసారి మూత తీస్తే ఇరవై నిమిషాలకి తక్కువ కాకుండా ఆలస్యమవుతుంది.

ఉడికిందో లేదో కంటితో తేల్చకండి. నేను థర్మామీటరు నడిమధ్యకి గుచ్చుతాను. గుడ్డు వంటకాలకి ఇక్కడి ప్రభుత్వ సూచన 160 డిగ్రీల ఫారెన్‌హీట్, అంటే 71 సెల్సియస్. అక్కడికి చేరగానే ఆపేయాలి. రాత్రి పదకొండున్నరకి ‘లో’ మీద ఆరు గంటలకి పెడితే అయిదున్నరకి అదే వార్మ్‌లోకి (వండినదాన్ని వేడిగా ఉంచే సెట్టింగు) మారుతుంది, ఏడింటికి తింటాం. వార్మ్‌లో రెండు గంటలు దాటితే అంచులు ఎండిపోతాయి. ఆలస్యంగా మొదలయ్యే సౌకర్యం ఉన్నా గుడ్లకి వాడకండి. పచ్చి గుడ్డు, మాంసం గంటల తరబడి బయట ఉండకూడదు.

రెండో ఏడు వేడి గిన్నెలో చల్లనీళ్లు పోశాను. టప్‌మని పగిలింది. గిన్నె ఒక్కటే కొనడానికి కుక్కర్ ధరలో దాదాపు సగం అయింది. అప్పట్నుంచి పూర్తిగా చల్లారాకే సింకులోకి. అయిదో ఏడు ముందువైపు బటన్లలో ఒకటి గట్టిగా నొక్కితేగానీ పనిచేయడం మానేసింది. ఇప్పటికీ అలాగే వాడుతున్నాను.

నలుగురే ఉన్న ఇంటికి ఇది దండగ, పెనం మీద ఆమ్లెట్ వేసుకోవచ్చు. ఎనిమిది మంది దాటితే మాత్రం దీనికి సాటి ఇంకోటి నాకు కనబడలేదు. కొనేవాళ్లు టైమరూ, దానంతటదే వార్మ్‌కి మారే ఏర్పాటూ ఉన్నదే కొనండి. ఇక్కణ్ణుంచి ఊరికి తీసుకెళ్దామనుకుంటే వద్దు. ఇది 120 వోల్టులది, అక్కడి ప్లగ్గులో నేరుగా పెడితే కాలిపోతుంది. మా ఆడపడుచు అడిగితే హైదరాబాద్‌లోనే 230 వోల్టులది వెతుక్కోమన్నాను.