జూమ్ ఎఫ్6: సౌండ్ డిపార్ట్‌మెంట్ మొత్తం ఒక్కరే అయినప్పుడు

డబ్బింగ్ థియేటర్‌లో అసిస్టెంటుగా చేరి, అక్కణ్ణుంచి లొకేషన్ సౌండ్‌కి వచ్చినదాన్ని. ఈ పనిలో ఇంకా కొత్తే గానీ, చేసిన చిన్న సినిమాలూ షార్ట్ ఫిల్ములూ దాదాపు అన్నీ జూమ్ ఎఫ్6 అనే సౌండ్ రికార్డర్ మీదే రికార్డ్ చేశాను. ఏ రికార్డర్ కొనాలక్కా అని జూనియర్లు అడుగుతుంటే ఇది రాస్తున్నా.

మన తెలుగులో చాలా సినిమాలకి షూటింగులో తీసేది డబ్బింగ్‌కి ఆనవాలుగా వాడే పైలట్ ట్రాకే, అసలు గొంతు పడేది డబ్బింగ్‌లో. షూటింగులో పడిన గొంతునే సినిమాలో ఉంచే సింక్ సౌండే కావాలంటూ నా దగ్గరికొచ్చే దర్శకులకు బడ్జెట్ ఉండదు. నటుల బట్టలకి లేపల్ మైకులు తగిలించేది, పొడుగు కర్రకి కట్టిన బూమ్ మైకు పట్టేది, లెవెల్స్ చూసేది అన్నీ నేనే. రెండు చేతులూ బూమ్ పోల్ మీదుంటే మైకు శబ్దాన్ని పెంచే, తగ్గించే గెయిన్ నాబ్ ఎవరు తిప్పుతారు?

2019లో వచ్చిన ఈ రికార్డర్‌కి ఆరు ఎక్స్‌ఎల్‌ఆర్ (మైకు కేబుల్) ఇన్‌పుట్లు. చిన్న శబ్దానికి ఒకటి, పెద్ద శబ్దానికి ఒకటి చొప్పున, మైకు సిగ్నల్‌ని డిజిటల్‌గా మార్చే ఎ-డి కన్వర్టర్లు జంటగా పనిచేస్తాయి. ఫైలు 32-బిట్ ఫ్లోట్‌లో పడుతుంది, అంటే రికార్డర్‌లో గెయిన్ అటూఇటూ అయినా తర్వాత తగ్గించో పెంచో సరిచేసుకోవచ్చు.

జనగామ దగ్గర ఒక ఊళ్లో తీసిన సీను చెప్తాను. నాటకాల్లోంచి వచ్చిన పెద్దమ్మ, కొడుకు ఫొటోతో గొణుక్కుంటూ ఉండి ఉన్నట్టుండి గుండెలు బాదుకోవాలి. రిహార్సల్‌లో ఆమె గొంతెత్తనే లేదు. టేక్‌లో ఇల్లు అదిరిపోయింది. నేను మీటరు వంక చూడలేదు, బూమ్‌ని ఆమె నోటి వెంటే నడిపించాను. తర్వాత ఎడిటర్ ఫోన్ చేశారు.

"ఏమ్మా, ఏడుపంతా పగిలిపోయింది కదా!"

"వేవ్‌ఫామ్ చూసి కంగారుపడకండన్నా. క్లిప్ గెయిన్ ఓ పన్నెండు డీబీ తగ్గించి వినండి."

"...వచ్చేసిందమ్మా. ఎక్కిళ్లతో సహా ఉంది."

ఆ ఏడుపుని మళ్లీ డబ్బింగ్‌లో చెప్పించి ఉంటే సినిమాకే నష్టం. నేను దీన్ని ఇష్టపడటానికి ఇదొక్కటి చాలు.

అలాగని ఫ్లోట్‌ని నమ్ముకుని మైకు ఎక్కడో పెట్టకండి. దూరంగా పెట్టి, షూటింగ్ అయ్యాక ఎడిటింగ్‌లో పెంచితే మనిషి కన్నా గది ఎక్కువ వినిపిస్తుంది. లేపల్ మైకు వైర్‌లెస్ ట్రాన్స్‌మిటర్‌లోనే, అంటే రికార్డర్‌కి చేరకముందే, గొంతు పగిలితే ఆ పగిలిన గొంతే రికార్డవుతుంది. ఫ్రిజ్ మోతా, పక్కింటి బోరు మోటారూ మనమే వెళ్లి ఆపించుకోవాలి.

నాబ్‌లు చిన్నవి, దగ్గరదగ్గరగా ఉంటాయి. కార్డు స్లాట్ ఒక్కటే, అందుకే లంచ్ బ్రేకులోనే బ్యాకప్ తీస్తాను. నాలుగు పెన్సిల్ సెల్స్‌తో నడుస్తుంది గానీ, మైకులకి రికార్డరే కరెంటిచ్చే ఫాంటమ్ పవర్ ఆన్ చేస్తే అవి త్వరగా అయిపోతాయి. వెనకాల సోనీ ఎల్ టైప్ బ్యాటరీ పెట్టుకోండి. కెమెరాతో సౌండ్‌ని జతపరచడానికి వాడే టైమ్‌కోడ్ జాక్ 3.5 ఎంఎం, దానికి తగ్గ కేబుల్ ముందే చూసుకోవాలి. మిక్సింగ్‌కి వేరే మనిషి ఉన్న యూనిట్ అయితే, రెండు కార్డులు పట్టే పెద్ద రికార్డర్ తీసుకోమంటాను.

కొనే ముందు ఒకసారి అద్దెకు తెచ్చి, బ్యాగులో వేసుకుని రోజంతా బూమ్ పట్టి చూడండి. రికార్డర్ అరకిలోనే, కానీ బ్యాటరీలూ రిసీవర్లూ కలిశాక ఆ బ్యాగు బరువు వేరు.